ఆ ఇంటి వంతు

గైడ్ పంపిన ప్లానులో కల్పాలో ఒక రాత్రి, కాజాలో రెండు రాత్రులు ఉన్నాయి. ఆ రెండు చోట్లా ఆగడం వద్దని నేనే తీయించేశాను. కిన్నౌర్ కైలాస శిఖరం కారులోంచి కూడా కనిపిస్తుంది కదా, దానికోసం కల్పాలో పడుకోవాలా అన్నాను. కాజా బజారులో రెండు రాత్రులు ఏం చేస్తామన్నాను. అలా మిగిల్చిన రోజులను చంద్రతాల్ సరస్సుకూ, హిక్కింలో కొండమీద ఉన్న పోస్టాఫీసుకూ సర్దమన్నాను. బండి మా ఒక్కళ్ళదే, గైడ్ వచ్చేది మాకోసమే. వెనక సీట్లో వేరే కుటుంబం ఉండి మావల్ల వాళ్ళకు ఆలస్యమయ్యేది లేదు. అలాంటప్పుడు మనకు నచ్చినట్టు మార్చుకుంటే ఎవరికేం నష్టం అనుకున్నాను. స్పితి లోయకు మొదటిసారి వెళ్ళినప్పుడు నేను చేసిన తప్పులన్నిటికీ మూలం ఈ ఆలోచనే. వాటి బరువు మోసింది మా అక్క, మా గైడ్ కుర్రాడు, సరిగ్గా పలకరించనైనా పలకరించని ఒక ఊరి ఇల్లాలు.

స్పితి హిమాచల్‌ప్రదేశ్‌లో టిబెట్ సరిహద్దుకు ఆనుకుని ఉన్న ఎత్తైన ఎడారి లోయ. వానలు బాగా తక్కువ. కొండల మీద చెట్టన్నది కనిపించదు. పైన కరిగిన మంచునీళ్ళను సన్నటి కాలువల్లో పొలాల దాకా మళ్ళించుకుని ఏడాదికి ఒక్క పంట తీస్తారు, బార్లీ, బఠానీ. అక్కడికి దారులు రెండు. మనాలి నుంచి అటల్ సొరంగం దాటి కుంజుం కనుమ మీదుగా వెళ్ళేది ఒకటి. మంచు పడితే దాన్ని మూసేస్తారు కాబట్టి సుమారుగా జూన్ నుంచి అక్టోబరు దాకానే పనికొస్తుంది. రెండోది షిమ్లా నుంచి సట్లెజ్ నది పక్కన కిన్నౌర్ మీదుగా చుట్టూ తిరిగి వెళ్ళేది. మనాలి దారిలో ఒక్క పగల్లో కాజా చేరొచ్చు, అందుకని నేను మొదట అదే అడిగాను. గైడ్ ఒప్పుకోలేదు. "మనాలి రెండు వేల మీటర్లు, కుంజుం నాలుగున్నర వేలు దీదీ. ఒక్క రోజులో అంత ఎక్కితే మీ అక్కగారు మర్నాడు మంచం దిగలేరు. షిమ్లా వైపు నుంచే రండి" అన్నాడు ఫోన్లో.

ఆ మాట విన్నాను. అదే మాట ప్లాను మొత్తానికీ వర్తిస్తుందని మాత్రం నాకు తట్టలేదు. షిమ్లా దాదాపు 2,200 మీటర్ల ఎత్తు, కల్పా 2,960, తాబో 3,280, కాజా సుమారు 3,650. మేం ఉండబోయే ఊరు 4,300 దాటి ఉంది. అతను ప్రతి రాత్రినీ ఈ ఎత్తులు చూసి పెట్టాడు. 3,000 మీటర్లు దాటాక రాత్రి పడుకునే చోటు ముందు రాత్రికంటే 500 మీటర్లకు మించి పెరగకూడదని, మూడు నాలుగు రోజులకోసారి పైకి పోకుండా అక్కడే ఇంకో రాత్రి ఉండాలని పర్వతారోహణ వైద్యులు చెబుతారు. పగలు ఎంత ఎక్కినా ఫరవాలేదు, రాత్రికి దిగి పడుకోవాలి. కాజాలో ఆ రెండు రాత్రులు ఉన్నది బజారు చూడ్డానికి కాదు. ఒంట్లో నెత్తురు ఆ గాలికి అలవాటు పడడానికి. నేను వాటిని తీసేయించడంతో తాబో నుంచి నేరుగా పై ఊరికి వెళ్ళాం. ఒక్క రోజులో వెయ్యి మీటర్లు. పుట్టి పెరిగింది గుంటూరు జిల్లాలో, ఉండేది హైదరాబాదులో, అరవై దాటిన మనిషి మా అక్క.

ధర దగ్గర కూడా అలాగే ప్రవర్తించాను. ఇంటర్నెట్‌లో ఎవరో తక్కువకు వెళ్ళొచ్చారని రాస్తే ఆ అంకె పట్టుకుని బేరమాడాను. అతను రెండుసార్లు తగ్గించాడు, మూడోసారి మౌనంగా ఊరుకున్నాడు. ఆ మౌనాన్ని ఒప్పుకోలు కింద తీసుకున్నాను. స్పితిలో జనం వచ్చేది ఎండాకాలం చివరి నుంచి అక్టోబరు దాకా. చలికాలంలో కిబ్బర్ వైపు మంచు చిరుతను చూడ్డానికి వచ్చే కొద్దిమంది తప్ప లోయ ఖాళీ. ఆ నాలుగైదు నెలల సంపాదనే ఏడాదికీ సరిపెట్టుకోవాలి. అందులోంచి బండి కిస్తీ కట్టాలి, ఇంట్లో ముసలివాళ్ళను చూసుకోవాలి, చెల్లెలి చదువు సాగాలి. ఇవన్నీ తర్వాత తెలిశాయి. ముందే అడిగి ఉంటే చెప్పేవాడు.

ఊరి పేరు రాయడం లేదు. చిన్న ఊరు, పేరు రాస్తే ఏ ఇల్లో తెలిసిపోతుంది. అక్కడ హోమ్‌స్టేలు వంతులవారీగా నడుస్తాయి. స్పితిలో డెముల్ ఊరు ఈ పద్ధతికి బాగా పేరుపడింది. అక్కడ అతిథులను వంతు ప్రకారం ఇళ్ళకు పంపడమే కాకుండా, ఏడాది చివర వచ్చిన డబ్బంతా కలిపి అందరూ పంచుకుంటారు. మేం వెళ్ళిన ఊళ్ళో పంపకం వేరు. ఏ ఇంట్లో దిగితే ఆ రాత్రి డబ్బు ఆ ఇంటిదే, అందులో కొంత ఊరి ఉమ్మడి ఖాతాకు వెళ్తుంది. ఎవరింటికి ఎప్పుడు అన్న జాబితా ఊళ్ళో ఒకరి దగ్గర ఉంటుంది. కొత్త కిటికీలు పెట్టించుకున్న ఇంటికే అందరూ పోకుండా, రోడ్డు పక్కన ఇల్లున్నవాళ్ళే బాగుపడకుండా వాళ్ళు చేసుకున్న ఏర్పాటు అది.

వంతు అంటే ఏమిటో నాకు చిన్నప్పటి నుంచీ తెలుసు. మా నాన్న పొలం నాగార్జునసాగర్ కుడికాలువ కింద ఉండేది. నీటి వంతు అర్ధరాత్రి వస్తే అర్ధరాత్రే లాంతరు పట్టుకుని వెళ్ళేవాడు. మన చేను ఎండిపోతున్నా, పక్కది నిండిపోయినా, తన వంతు కాని గంటలో మడవ తీసేవాడు కాడు. అలా తీసినవాళ్ళతో ఊళ్ళో ఎవరూ ఏళ్ళ తరబడి మాట్లాడేవాళ్ళు కాదు. అలాంటి ఇంట్లో పుట్టి, ఇంకొకరి ఊరికి వెళ్ళి వాళ్ళ వంతు తప్పించాను.

కారణం మా అక్క మోకాళ్ళు. అక్కడి ఇళ్ళలో నీళ్ళు వాడని మరుగుదొడ్లు ఉంటాయి. మేడమీద చిన్న మట్టిగది, నేలలో నలుచదరపు కన్నం, ఒక మూల మట్టీ బూడిదా పోగు, దాంట్లో గుచ్చి ఒక పార. పని కాగానే రెండు పారల మట్టి కన్నంలో వేయాలి. కింద గదిలో ఏడాదంతా మాగిన ఎరువును వసంతంలో తీసుకెళ్ళి బార్లీ చేలో చల్లుతారు. చలికాలంలో గొట్టాలలో నీళ్ళు గడ్డకట్టే చోట, అసలు నీళ్ళే కరువైన చోట, ఇంతకంటే తెలివైన పద్ధతి లేదు. వాసన కూడా దాదాపు ఉండదు. కానీ కింద కూర్చోవాలి, అక్క కూర్చోలేదు. ఊళ్ళోకి వచ్చే దారిలో కొత్తగా కట్టిన ఇంట్లో ఇంగ్లిష్ కమోడ్ ఉందని డ్రైవర్ మాటల్లో విన్నాను. మమ్మల్ని అక్కడే దింపమన్నాను.

గైడ్ జాబితా సంగతి చెప్పాడు. ఈ రాత్రి వంతు ఊరి పైవీధిలో ఇంకో ఇంటిదని, వాళ్ళు ఎదురుచూస్తుంటారని అన్నాడు. "ఏం చేయమంటావు బాబూ, ఆవిడ కూర్చోలేదు. ఆ ఇంటివాళ్ళకు ఏమన్నా ఇచ్చేద్దాంలే" అన్నాను. మా వారు పక్కనుంచి, "ఒక్క రాత్రే కదా, సర్దుకుందాం. వాళ్ళ పద్ధతి వాళ్ళకుంటుంది" అన్నారు. నేను వినలేదు. మోకాళ్ళ నొప్పి నిజమే. దాన్ని వారాల ముందు ఫోన్లో చెప్పాల్సింది. అప్పుడైతే ఊరివాళ్ళే ఆలోచించుకుని వంతులు మార్చుకునేవాళ్ళు. బండి దిగాక, నలుగురూ చూస్తుండగా చెప్పడం అంటే ఒప్పుకోక తప్పని చోట వాళ్ళను నిలబెట్టడమే. గైడ్ బండి దిగి ఒక్కడే పైవీధికి నడిచి వెళ్ళాడు. చాలాసేపటికి తిరిగొచ్చి, సరేనన్నారు దీదీ, అన్నాడు.

ఆ రాత్రి వంటింట్లో కూర్చున్నాం. స్పితి ఇళ్ళలో వంటిల్లే నడిమిల్లు. గది మధ్యలో ఇనప పొయ్యి, దాని గొట్టం కప్పులోంచి పైకి వెళ్తుంది. చుట్టూ గోడవారగా పరుపులు, ముందు చెక్కిన పొట్టి బల్లలు. ఇంటివాళ్ళే కాక ఇరుగుపొరుగూ వచ్చి కూర్చున్నారు. వాళ్ళలో ఒకామె నిశ్శబ్దంగా వచ్చి, చేతిసంచీ ఇంటావిడకు ఇచ్చి, చేతులు కడుక్కుని పిండి పిసకడానికి కూర్చుంది. తిమోక్ అని ఆవిరి మీద ఉడికించే మెత్తటి రొట్టెలు చేస్తున్నారు. ఆమె పిండిని పలచగా ఒత్తి, నూనె రాసి, చుట్టి, రెండు వేళ్ళతో మెలిపెట్టి పువ్వులా చేస్తుంటే చూస్తూ కూర్చున్నాను, ఫొటోలు కూడా తీశాను. కోడిగుడ్ల కూర, ఆకుకూర వడ్డించారు. పొద్దుటి నుంచీ ఏమీ సహించని అక్కకు కూడా కాస్త గుడ్డు పెట్టారు.

ఆమెదే ఆ రాత్రి వంతు. నాకు రెండు రోజుల తర్వాత తెలిసింది. పరుపులు మేడమీద ఎండబెట్టి, గది అలికి, దక్షిణం నుంచి ఎవరో వస్తున్నారట, మన తిండి తింటారో తినరో అని బస్సులో కాజా వెళ్ళి గుడ్లు, ఆకుకూర తెచ్చుకుంది. మేం రాకపోయేసరికి పాడైపోతాయని ఆ సంచీ పట్టుకుని మేమున్న ఇంటికే వచ్చింది. ఆమె డబ్బు పెట్టి తెచ్చిన తిండిని, ఆమె వంతు లాక్కుని కూర్చున్న ఇంట్లో, ఆమె చేతి మీదుగా తిన్నాను. ఆమెతో ఒక్క మాట మాట్లాడలేదు. ఇన్నేళ్ళకీ ఈ సంగతి తలుచుకుంటే నాకు ఎలాగో ఉంటుంది.

స్నానం సంగతి కూడా చెప్పాలి. చేరిన సాయంత్రమే వేణ్ణీళ్ళు అడిగాను, మా ముగ్గురికీ. ఇంటావిడ తలూపి లోపలికెళ్ళింది. కాసేపటికి పొయ్యి దగ్గరికి వెళ్ళి చూస్తే ఆవిడ పిడకలు విరిచి పెడుతోంది. యాక్‌ల పేడ, ఆవుల పేడ ఎండబెట్టిన పిడకలు, మధ్యలో గుప్పెళ్ళకొద్దీ గొర్రె పెంటికలు. మనిళ్ళలో కూడా ఒకప్పుడు పిడకలతోనే నీళ్ళు కాగేవి కదా అని సంబరపడ్డాను. ఆ పిడకలు ఏమిటో తర్వాత మిద్దె మీదికి వెళ్ళినప్పుడు అర్థమైంది. ఇంటి పిట్టగోడ చుట్టూ కట్టెలు, పిడకలు, గడ్డి వరసగా పేర్చి ఉన్నాయి. చెట్టు లేని దేశంలో చలికాలమంతా ఆ ఇంటిని బతికించే వంటచెరకు అదే. మైనస్ ఇరవై దాకా పడిపోయే రాత్రులకు వేసవంతా కొండలెక్కి పేడ ఏరుకొస్తారు. ఆ ఎత్తున నీళ్ళు 86 డిగ్రీలకు అటూఇటుగానే మరిగిపోతాయి, అన్నం ఉడకడానికే చాలాసేపు పడుతుంది, అందుకని ప్రతి ఇంట్లోనూ ప్రెషర్ కుక్కరే దిక్కు. అలాంటి చోట నేను మూడు బకెట్ల వేణ్ణీళ్ళు అడిగి, ఒకటిన్నర వాడి మిగతావి పారబోశాను. ఎత్తైన చోటికి చేరిన మొదటి రోజు స్నానం చేసి చలికి వణకడం ఒంటికి కూడా మంచిది కాదని గైడ్ అంతకుముందే చెప్పాడు.

అక్కకు సాయంత్రం నుంచే తలనొప్పి. బండి కుదుపులకు అనుకున్నాం. అన్నం వద్దంది. రాత్రి రెండుసార్లు వాంతి చేసుకుంది. పడుకుంటే ఊపిరి ఆడడం లేదని లేచి కూర్చుంది. "ఏమే, నా తల నాది కాదన్నట్టుంది" అంది. నేను గైడ్‌ను లేపాను. అతను వేలికి పెట్టి చూసే ఆక్సీమీటర్ తెచ్చాడు. దాని అంకె చూశాక, ఆమెను నిలబెట్టి ఒక అడుగు ముందు ఇంకో అడుగు ఆనించి గీత మీద నడిచినట్టు నడవమన్నాడు. నాలుగడుగులకే పక్కకు తూలింది. "దీదీ, ఇప్పుడే దిగాలి" అన్నాడు. బయట చీకటి, లోయ అంచున మట్టిరోడ్డు. తెల్లారనిద్దాం, మాత్ర వేసి చూద్దాం అన్నాను. ప్రయాణం మొదలైనప్పటి నుంచి నా మాటకు ఎదురాడని అబ్బాయి, నావైపు చూడకుండా డ్రైవర్‌ను లేపడానికి వెళ్ళిపోయాడు. అతను ఆ ఒక్కసారి నా మాట వినకపోవడం వల్ల ఈ రోజు మా అక్క నాతో పోట్లాడుతూ తిరుగుతోంది.

తూలడం, మాట తడబడడం, కూర్చున్నా ఆయాసం రావడం, వదలని దగ్గు. ఎత్తైన చోట ఇవి కనిపిస్తే మెదడుకో ఊపిరితిత్తులకో నీరు పడుతున్నట్టు అనుమానించాలి. దానికి అసలు మందు దిగడమే. ఆక్సిజన్, ఇంజెక్షన్లు దిగేలోపు ఆదుకునేవి మాత్రమే. ఇది మా అక్కకు కాజా ఆస్పత్రిలో ఆక్సిజన్ పెట్టిన డాక్టరమ్మ నెమ్మదిగా, ఏ మాత్రం కసురుకోకుండా చెప్పింది. ముందు రెండు రాత్రులు ఎక్కడ పడుకున్నారని అడిగి, ఊళ్ళ పక్కన ఎత్తులు వేసుకుంది. కల్పా లేదు, కాజా లేదు. కాగితం మీద ఆ అంకెలు చూశాక నన్ను ఎవరూ ఏమీ అనాల్సిన పని లేకపోయింది.

అక్క తేరుకుంది. మళ్ళీ పైకి వెళ్ళలేదు, చంద్రతాల్ చూడలేదు, హిక్కిం చూడలేదు. వేటికోసం రోజులు కోశానో అవేవీ చూడలేదు. కాజాలో ఉన్న ఆ రోజుల్లోనే గైడ్ ముభావంగా ఉండడం గమనించి గుచ్చి గుచ్చి అడిగితే గుడ్ల సంగతి బయటపడింది. ఇంకో సంగతి కూడా. ఊరి మీటింగులో అతను సమాధానం చెప్పుకోవాలి. జాబితా ఒకసారి తప్పితే ప్రతి గైడూ తన అతిథికి ఏదో ఒక కారణం చెబుతాడు, అప్పుడు వంతే ఉండదు. అతనిది అదే లోయ. అతని మేనత్త ఆ ఊరి కోడలు. నేను వారం తర్వాత హైదరాబాదులో ఉంటాను, అతను ఆ ఊరికి ప్రతి వారం వెళ్ళాలి.

ఆ ఇంటికి డబ్బు పంపిస్తానన్నాను. వద్దన్నాడు. ఉత్తినే ఇస్తే ఆమెకు అవమానం, తీసుకుంటే మిగతా ఇళ్ళవాళ్ళకు కష్టం. "మళ్ళీ రండి దీదీ. జాబితాలో ఎవరొస్తే వాళ్ళింట్లో ఉండండి. ఆ మాట ఊళ్ళో అందరికీ తెలుస్తుంది, నాకూ అదే మేలు" అన్నాడు. నేను బేరమాడి తగ్గించిన డబ్బు మాత్రం అతని చేతిలో పెట్టాను. అది తీసుకున్నాడు.

ఇప్పుడు స్నేహితులు ఎవరైనా ఇలాంటి ప్రయాణం తలపెట్టి సలహా అడిగితే చూడాల్సిన చోట్ల గురించి ఆఖర్న చెబుతాను. ముందు రాత్రుల జాబితా తెమ్మంటాను, ఊరి పక్కన ఎత్తు రాసి. గైడ్‌ను అడగాల్సిన మొదటి ప్రశ్న ఆ ఊళ్ళో ఇల్లు ఎవరు నిర్ణయిస్తారని. వంతులున్న ఊరైతే ఇల్లు ఎంచుకునే ఊసే ఎత్తొద్దు. లదాఖ్‌లో రుంబక్ లాంటి ఊళ్ళలో కూడా హోమ్‌స్టేలకు వంతులే. అక్కడ 2000ల మొదట్లో మంచు చిరుతల సంరక్షణ కోసం ఇవి మొదలయ్యాయి. గొర్రెలను చంపిన చిరుత మీద ఊరివాళ్ళకు పగ, ఆ చిరుతను చూడ్డానికి వచ్చినవాళ్ళ డబ్బు అన్ని ఇళ్ళకూ అందితే ఆ పగ తగ్గుతుంది. ఒక్క ఇంటికే అందితే తగ్గదు. యాత్రికురాలు తన సౌకర్యం కోసం ఒక రాత్రి ఇల్లు మార్పించుకోవడం ఇంత పెద్ద ఏర్పాటును కదిలిస్తుందని నాకు ఎవరైనా ముందే చెప్పి ఉంటే బాగుండేది.

మోకాళ్ళ నొప్పి, షుగరు, ఉల్లీవెల్లుల్లీ తినకపోవడం, రాత్రి గురక, ఏదున్నా బయల్దేరేముందే చెప్పేయాలి. సిగ్గుపడి దాచుకుని అక్కడ దిగాక చెబితే ఇంకొకరి ఏర్పాటు పాడవుతుంది. రాత్రికి ఇంటికి ఎంత చేరుతుందో అడగడంలో తప్పు లేదు. చాలామంది గైడ్లు దాచరు. దాచేవాళ్ళతో వెళ్ళకపోవడమే మంచిది. ఒకటి రెండు రోజులు ఏ పనీ పెట్టుకోకుండా ఖాళీగా ఉంచుకోవాలి. కొండచరియ విరిగిపడినా, ఒంట్లో బాగాలేకపోయినా ఆ ఖాళీ రోజులే ఆదుకుంటాయి. దిగాలని గైడ్ అన్నప్పుడు చర్చ లేదని బయల్దేరేముందే ఇంట్లో అందరూ ఒప్పుకోవాలి. పిల్లలకు చాక్లెట్లు పంచే అలవాటు, లాంగ్జా ఊళ్ళో పిల్లలు తెచ్చే శిలాజాలు కొనే అలవాటు మానేయాలి. టెథిస్ సముద్రం అడుగున కోట్ల ఏళ్ళనాడు రాయిగా మారిన సముద్రజీవుల గుల్లలవి, ఆ కొండల్లోనే ఉండాలి.

మళ్ళీ వెళ్ళాం. అక్క తానూ వస్తానంది. ఒకసారి ఎత్తు పడనివాళ్ళకు మళ్ళీ పడకపోయే అవకాశం ఎక్కువ కాబట్టి డాక్టరును కలిసి, అసిటజోలమైడ్ మాత్రలు రాయించుకుని, సల్ఫా మందులు పడతాయో లేదో చూపించుకుని బయల్దేరింది. కల్పాలో ఆగాం, తాబోలో ఆగాం. అక్కడి బౌద్ధ మఠం క్రీ.శ. 996లో కట్టినది. మట్టిగోడల లోపల, చీకట్లో, టార్చిలైటు వెలుగులో గోడల మీది బొమ్మలను తొందర లేకుండా చూశాం. మొదటిసారి అక్కడ అరగంటైనా నిలవలేదు. కాజాలో రోజులు గడిపాం, మధ్యాహ్నాలు కీ మఠం దాకా ఎక్కి రాత్రికి దిగి వచ్చాం. అప్పుడు పై ఊరికి వెళ్ళాం.

జాబితాలో ఆ రాత్రి వేరే ఇల్లు వచ్చింది. నేను ఎవరింటికి వెళ్ళాలని మనసులో అనుకున్నానో ఆ ఇల్లు కాదు. ఆమె బఠానీ చేలో కనిపించింది, నేను జూలే అని పలకరిస్తే తనూ జూలే అంది, అక్క వైపు చూసి మోకాళ్ళు చూపిస్తూ ఎలా ఉన్నాయని చేత్తో అడిగింది. గైడ్‌ను మధ్యలో పెట్టుకుని, ఆ రోజు గుడ్లు మీరే తెచ్చారని నాకు తెలియదమ్మా, తప్పు నాదే అని చెప్పాను. ఆమె ఏదో అంది. "గుడ్లు బాగున్నాయా అని అడుగుతోంది" అన్నాడతను. బాగున్నాయన్నాను. ఆమె మళ్ళీ కాయలు కోయడంలో పడింది. కాసేపు మేం కూడా కోశాం.

అక్క కోసం హైదరాబాదులో మెడికల్ షాపులో ఒక మడత కుర్చీ కొన్నాం. అల్యూమినియం కాళ్ళు, మధ్యలో కన్నం ఉన్న ప్లాస్టిక్ సీటు. కిందుండే గిన్నె తీసేసి మట్టిగదిలో కన్నం మీద సరిగ్గా నిలబెడితే చాలు, కూర్చోవచ్చు. ఇంత చిన్న వస్తువు డిక్కీలో పెట్టుకుని రావడానికి మాకు రెండో ప్రయాణం పట్టింది. మేం దిగిన ఇంట్లో ముసలావిడకు కూడా మోకాళ్ళ నొప్పే. పొద్దున మేం లేచేసరికి ఆవిడ దాని కాళ్ళు నొక్కి ఎత్తు తగ్గించుకుని చూస్తోంది. వచ్చేటప్పుడు అక్కడే వదిలేసి వచ్చాం. తీసుకెళ్ళాలనుకునేవాళ్ళు చక్రాలు లేనిది, కాళ్ళకు రబ్బరు బుడిపెలున్నది, ఎత్తు మార్చుకోవడానికి వీలున్నది తీసుకోండి. ఆ మట్టినేలలు సమంగా ఉండవు, నాలుగు కాళ్ళూ వేర్వేరుగా సర్దుకోవాలి.